వాలుకమ్మీల మేడలు, వాటి పేర్లు

పూరింటి కప్పు నిలవడానికి ముఖ్యంగా మూడు రకాల కర్రలు కావాలి. నిలువున నిట్టాడు, అడ్డంగా దూలం, వాలుగా వాసం. మూడింటికి మూడు పేర్లు ఉండడంలో అర్థమున్నది. అవి చేసే పనులు వేరు. నిట్టాడు బరువును నేరుగా నేలకు దింపుతుంది. దూలం రెండు ఆధారాల నడుమ కొద్దిగా వంగుతూ బరువును ప్రక్కలకు చేరవేస్తుంది. వాసం కప్పును మోస్తూనే తన అడుగుకొనతో గోడను బయటికి నెడుతుంది. ఆ నెట్టుడును ఆపడానికి ఎదురెదురు వాసాలను కలుపుతూ అడ్డపట్టె బిగించే వడ్రంగి ప్రతిబలాల శాస్త్రం చదివి ఉండకపోవచ్చు. త్రికోణం విలువ మాత్రం అతనికి తెలుసు.

ఈ పాత సంగతిని గుర్తు చేసుకోవడానికి కారణం ఒక కొత్త మాట. 2000 తరువాత లండన్, న్యూయార్క్, బీజింగ్, గ్వాంగ్‌జౌ మొదలైన నగరాలలో లేచిన కొన్ని ఎత్తైన మేడలకు బయటి గోడలో నిలువు స్తంభాలు కనిపించవు. వాటికి బదులు ఏటవాలు ఉక్కుకమ్మీలు ఒకదాని నొకటి దాటుతూ, భవనం చుట్టూ పెద్ద వలవలె అల్లుకొని ఉంటాయి. ఇటువంటి నిర్మాణాన్ని ఇంగ్లీషులో ‘డయాగ్రిడ్’ అంటున్నారు. ‘డయాగ్నల్’ అనే మాట తలను, ‘గ్రిడ్’ అనే మాటను కలిపి చేసిన పేరు అది. పలకడానికి తేలిక, వినడానికి కొత్త. అందువల్లనే కాబోలు, ఇప్పుడు గోడమీద వజ్రాకారపు గళ్ళు కనిపించే ప్రతి భవనానికీ ఆ పేరు పెట్టేస్తున్నారు. బరువు మోసే కమ్మీకీ, గాజు మీద అంటించిన అల్యూమినియం పట్టీకీ ఒకే పేరు వచ్చింది.

మాట ఆకారాన్ని చెబుతున్నది గాని పనిని చెప్పడం లేదు. చిక్కంతా ఇక్కడే ఉన్నది. పైగా అది ఆకారాన్ని కూడా పూర్తిగా చెప్పడం లేదు. ఎందుకో తెలియాలంటే చిన్న పరీక్ష ఒకటి చేసి చూడవచ్చు. నాలుగు సమానమైన బద్దలు తీసుకొని, మూలకొక్క మేకు చొప్పున కొట్టి చతురస్రం చేస్తే, వ్రేలితో నెట్టగానే అది ప్రక్కకు ఒరిగి ఏటవాలు పలక అయిపోతుంది. ఒక్క బద్ద పొడవూ మారలేదు, ఒక్క మేకూ ఊడలేదు, అయినా ఆకారం నిలవలేదు. మూడు బద్దలతో చేసిన త్రికోణం అలా ఒరగదు. ఒరగాలంటే ఏదో ఒక బద్ద సాగాలి, లేదా కుదించుకోవాలి. ఇప్పుడు ‘డయాగ్రిడ్’ అనే మాటను దాని అక్షరార్థంలో తీసుకొంటే ఏమవుతుంది? కుడికి వాలిన కమ్మీల వరుస ఒకటి, ఎడమకు వాలిన వరుస మరొకటి. ఈ రెండూ కలిస్తే ఏర్పడేవి నాలుగు భుజాల వజ్రాలు, అంటే ఒరిగిపోగల పలకలే. వాటిని రెండేసి త్రికోణాలుగా కోసేది మూడవ వరుస, అడ్డంగా సాగే కమ్మీ. ఆ మూడవ దానికి పేరులో చోటే లేదు.

ముడులను గట్టిగా వెల్డు చేస్తే వజ్రం ఒరగదు గదా అని ఎవరైనా అడుగవచ్చు. కొంతవరకు నిజమే. కాని అప్పుడు ఒరుగుడును ఆపేది కమ్మీల పొడవు కాదు, అవి వంగడానికి చూపే బిగువు. ఉక్కును నొక్కి లేదా లాగి వాడుకోవడం చవక; వంచి వాడుకోవడం ఖరీదు. వాలుకమ్మీల నిర్మాణానికి ఉన్న గొప్పతనమంతా వంపును తగ్గించి, నొక్కుడు లాగుడులతోనే పని గడుపుకోవడంలో ఉన్నది. ఆ లాభం అడ్డకమ్మీ వల్ల వస్తున్నది. పైనుంచి దిగిన బరువు ప్రతి ముడి దగ్గర రెండుగా చీలి రెండు వాలుల వెంట పోతుంది. ఆ రెండు కాళ్ళూ ఒకదాని నుండి ఒకటి జారి దూరం కావాలని చూస్తాయి. వాటిని పట్టి ఉంచేది ఆ అడ్డకమ్మీయే. గుండ్రని మేడలో అది చుట్టూ తిరిగి, బండిచక్రానికి వేసే ఇనుపకట్టువలె అవుతుంది. పూరింటి వడ్రంగి వేసిన అడ్డపట్టె పని కూడా ఇదే.

రష్యన్ ఇంజనీరు వ్లదీమిర్ షూఖొవ్ 1896లో నీజ్నీ నోవ్‌గరద్ ప్రదర్శనశాలలో నిలబెట్టిన నీటి గోపురం చూచినవారికి ఈ విషయంలో సందేహం కలుగనవసరం లేదు. నడుము సన్నగిల్లిన ఆ గోపురం దూరానికి వంపులు తిరిగినట్లు కనిపించినా, అందులోని కమ్మీలన్నీ తిన్ననివే. రెండు వరుసల తిన్నని కమ్మీలు ఎదురెదురుగా వాలి, మధ్యమధ్య వలయాలతో బిగింపబడి ఉన్నాయి. మాస్కోలో శబొలోవ్కా వీధి రేడియో గోపురాన్ని ఆయన ఇదే పద్ధతిలో 350 మీటర్ల ఎత్తుకు తలపెట్టారు. అంతర్యుద్ధ కాలంలో ఉక్కు దొరకక 160 మీటర్లతో సరిపెట్టుకోవలసి వచ్చింది. 1922లో అది పూర్తి అయింది. ఆరు అంతస్తులుగా ఒకదానిపై ఒకటి నిలిచిన ఆ గోపురంలో వలయాలను ఊహలో తీసివేసి చూస్తే, మిగిలేది ముడివిప్పిన చీపురుకట్ట. అయినా తరువాతి రచనలలో దానికి లభించిన పేరు ‘హైపర్బొలాయిడ్’, అంటే అతిపరావలయజం. అది కూడా ఆకారం పేరే. గణితజ్ఞునికి సంతోషం కలిగించే మాట. వలయాన్ని గురించి అదీ మౌనమే.

నివాసానికో, కార్యాలయానికో పనికివచ్చే మేడలో వాలుకమ్మీల గోడ బరువంతా మోసిన తొలినాటి ఉదాహరణలలో ముఖ్యమైనది అమెరికాలోని పిట్స్‌బర్గ్‌లో 1963లో పూర్తి అయిన ఐ.బి.ఎం. భవనం. వాస్తుశిల్పులు కర్టిస్, డేవిస్‌లు. పదమూడు అంతస్తుల ఆ భవనంలో గోడ నుండి నడిభాగం వరకు మధ్యలో ఒక్క స్తంభం లేదు. నాలుగు గోడల బరువూ చిక్కటి వజ్రపు గళ్ళలో దిగి, గోడకు రెండు చొప్పున ఎనిమిది కాళ్ళ మీద ఆగుతుంది. ఒక గోడలోని బరువంతా రెండు కాళ్ళకు చేరవలసినప్పుడు ఆ కాళ్ళ దగ్గరి కమ్మీలకూ, పైమూలల కమ్మీలకూ భారం ఒకే విధంగా ఉండదు. బయటికి మాత్రం గళ్ళన్నీ ఒకే కొలతలో కనిపిస్తాయి. తేడాను కమ్మీ లావులో చూపక, ఉక్కు రకంలో దాచారు. ఎక్కువ భారం పడేచోట ఎక్కువ బలమైన ఉక్కు వాడారు. ఇంజనీరుకు ఇది తెలివైన ఉపాయం. చూచేవారికి మాత్రం గోడ తన కష్టాన్ని చెప్పుకోదు. అందమైన భవనమే, కాని కొంత ముభావి.

దీనికి ఆరేడేండ్ల తరువాత షికాగోలో లేచిన జాన్ హాన్‌కాక్ మేడను కూడా కొందరు ఈ జాతిలోనే చేర్చుతున్నారు. అది పొరపాటు. ఢాకాలో పుట్టి అమెరికాలో పేరు పొందిన ఇంజనీరు ఫజ్లుర్ ఖాన్, వాస్తుశిల్పి బ్రూస్ గ్రాహమ్ కలిసి రూపొందించిన ఆ 100 అంతస్తుల మేడ మీద పెద్ద పెద్ద గుణకారపు గుర్తులు కనిపిస్తాయి. కాని గోడలో స్తంభాలు ఉన్నాయి. నేలకు బరువు దింపే ప్రధాన భారం వాటిదే. వాలుకమ్మీలు ఆ స్తంభాలను ఒకదానితో ఒకటి కట్టి, గాలి తోపుడుకు నాలుగు గోడలూ ఒకే గొట్టంగా నిలిచేటట్లు చేస్తాయి. ఇది ఊతకమ్మీ పద్ధతి. చదరపు మీటరుకు సుమారు 145 కిలోల ఉక్కుతో 344 మీటర్ల మేడ నిలబెట్టడం ఆనాటికి అబ్బురపరచిన పొదుపు. ఇంతటి భవనానికి లేని పేరును అరువు తేవలసిన పని లేదు. ఊతకమ్మీ ఉన్న మేడలో స్తంభాన్ని తీసివేస్తే మేడ ఉండదు; ఇక్కడ మనం చర్చించే మేడలో తీసివేయడానికి స్తంభమే ఉండదు. భేదం ఇంత స్పష్టమైనది.

స్తంభం లేనప్పుడు వాలుకమ్మీ రెండు పనులూ తానే చేయాలి. ఇక్కడ వాలు ఎంత ఉండాలన్న ప్రశ్న వస్తుంది. గాలి మేడను రెండు విధాలుగా కదిలిస్తుంది: చెరకుగడను వంచినట్లు మొత్తాన్ని వంచుతుంది, పేకముక్కల దొంతరను ప్రక్కకు నెట్టినట్లు అంతస్తుమీద అంతస్తును జరుపుతుంది. మొదటి దానిని ఎదుర్కోవడానికి కమ్మీ నిట్టనిలువుగా, అంటే 90 డిగ్రీలలో ఉండడం మేలు. రెండవ దానికి 35 డిగ్రీల వాలు మేలు. మేడ ఎంత పొడవైతే వంపు అంత ప్రధానమవుతుంది గనుక కమ్మీలు అంత నిటారు కావాలి. మూన్, కానర్, ఫెర్నాండెజ్ అనే పరిశోధకులు 2007లో ప్రకటించిన లెక్కలలో 60 అంతస్తుల మేడకు 65 నుండి 75 డిగ్రీలు అనుకూలమని తేలింది. 42 అంతస్తుల దానికి సుమారు పది డిగ్రీలు తక్కువ. కాబట్టి వజ్రపు గడి కోలగా ఉన్నదా, పొట్టిగా ఉన్నదా అన్నది అందానికి మాత్రమే సంబంధించిన విషయం కాదు. ఎంతో ఎత్తైన మేడమీద బల్లపరుపుగా పడుకొన్న గళ్ళు కనిపిస్తే, అవి బరువు మోసేవేనా అని అనుమానించడం న్యాయమే.

లండన్‌లో ఫాస్టర్ సంస్థ రచించిన 30 సెయింట్ మేరీ యాక్స్ భవనం 2004లో ప్రారంభమయింది. ఎత్తు 180 మీటర్లు. దోసకాయ వంటి దాని ఆకారాన్ని గురించి ఎన్నో హాస్యాలు పుట్టాయి గాని, నిర్మాణపరంగా ఇది ఈ జాతిలో నిజాయితీ గల భవనం. గాలి తోపుడంతా బయటి వల భరిస్తున్నది. కనుక లిఫ్టులు, మెట్లు ఉండే నడిభాగానికి ఆ పని తప్పి, అది తేలికైన ఉక్కుచట్రంగా ఉండగలిగింది. ముడులున్న ప్రతి మట్టంలో చుట్టూ కట్టు ఉన్నది. భవనం మధ్యలో ఉబ్బి, పైకి సన్నగిల్లేది కాబట్టి ఆ కట్టు పని అన్నిచోట్లా ఒక్కటిగా ఉండదు. కాని వీధిలో నిలిచి తల ఎత్తి చూచేవారికి కట్టు కనిపించదు. చీకటి గాజూ తెల్లటి గాజూ మెలికలుగా పైకి ప్రాకి, కంటిని వాలుల వెంట లాగుకుపోతాయి. పేరు మరచిన దానినే గోడ కూడా మరుగుపరచింది.

న్యూయార్క్‌లోని హర్స్ట్ మేడ (2006) మరో రకం. 1928 నాటి ఆరంతస్తుల రాతిభవనపు గోడలను క్రింద అట్టేపెట్టి, పైకి 46 అంతస్తుల వరకు తీసుకొనిపోయారు. నాలుగంతస్తుల కొక్క త్రికోణం. ఇక్కడ అడ్డకమ్మీలు వాలుకమ్మీలతో సమానంగా కనిపిస్తాయి గనుక, గోడ చూడగానే త్రికోణాలు అని చిన్నపిల్లలైనా చెప్పగలరు. మూలలలో స్తంభం అవసరం లేదు కాబట్టి ఆ చోట మేడను నోరు తెరచిన పక్షిముక్కువలె లోపలికి కోశారు. స్తంభం లేకపోవడాన్ని ఇంత సూటిగా చూపిన మేడలు అరుదు. మెచ్చుకోవలసినది ఇదే.

అయితే ఆ మేడను గురించి అందరూ వల్లించే లెక్క ఒకటి ఉన్నది: మామూలు చట్రంకంటె ఉక్కు 20 శాతం, అంటే సుమారు 2,000 టన్నులు, తగ్గిందని. రూపకర్తలు చెప్పిన ఈ లెక్కను తప్పు అనడానికి లేదు. కాని అది ఉక్కు బరువు లెక్క మాత్రమే. మామూలు చట్రంలో స్తంభమూ దూలమూ లంబంగా కలుస్తాయి. మూలమట్టం పెట్టి చూచుకొంటే చాలు. వాలుకమ్మీల ముడిలో నాలుగు వాలులూ రెండు అడ్డాలూ కలుస్తాయి. ఒక్కొక్క ముడినీ కర్మాగారంలో సూక్ష్మంగా కోసి, అతికి తేవలసి ఉంటుంది. మిగిలిన ఉక్కు విలువలో ఎంత భాగం ఈ ముడుల పనికి పోయిందో చెప్పకుండా శాతం ఒక్కటే చెబితే, బియ్యం ధర చెప్పి భోజనం ఖర్చు చెప్పనట్లుంటుంది. మరొకటి కూడా ఉన్నది. ముడి నాలుగంతస్తుల కొకటి అయినప్పుడు నడుమనున్న మూడు అంతస్తుల బరువు వాలుకమ్మీ నడిమి భాగం మీద పడి దానిని వంచాలని చూస్తుంది. ‘వంపు లేదు, నొక్కుడు లాగుడులే’ అని పుస్తకాలలో కనిపించే వాక్యం ముడుల మట్టంలో నిజం. వాటి నడుమ అర్ధసత్యం. గ్వాంగ్‌జౌలో 2010లో పూర్తి అయిన అంతర్జాతీయ ఆర్థిక కేంద్రం మేడలో ఒక్కొక్క వజ్రం పన్నెండంతస్తుల ఎత్తు, 54 మీటర్లు. కాంక్రీటు నింపిన ఉక్కుగొట్టాలతో దానిని కట్టడానికి కారణం ఇక్కడ కొంత ఉన్నది.

బీజింగ్‌లోని చైనా కేంద్ర టెలివిజన్ భవనం (2012) విమర్శకులను మరింత తికమక పెట్టింది. లోపలికి వాలిన రెండు మేడలు పైన వంగి ఒకదాని నొకటి పట్టుకొన్నట్లుండే ఆ 234 మీటర్ల కట్టడం మీద వాలుగీతలు ఒకచోట చిక్కగా, ఒకచోట పలుచగా ఉంటాయి. అది అలంకారం కాదు. భారం ఎక్కువైన చోట కమ్మీలు చేర్చి, తక్కువైన చోట తీసివేస్తూ లెక్కకట్టగా వచ్చిన అల్లిక. పిట్స్‌బర్గ్ గోడ దాచిన విషయాన్ని బీజింగ్ గోడ బయటపెట్టింది. ఇంతవరకు ప్రశంసింపదగినదే. కాని గోడలో వాలుకమ్మీలతో పాటు స్తంభాలూ దూలాలూ కూడా ఉన్నాయి. బయటికి ప్రముఖంగా చూపినవి వాలులు మాత్రమే. ఇంజనీర్ల పరిభాషలో అది ఊతకమ్మీల గొట్టం, షికాగో మేడకు దూరపు తమ్ముడు. చూపు మాత్రం డయాగ్రిడ్‌ది. నిజం చెబుతూనే సగం నిజం దాచిన గోడ ఇది.

ఆకారమూ పనీ వేరైన కథ ఇప్పటిది కాదు. 1953లో తెరచిన యేల్ విశ్వవిద్యాలయపు చిత్రశాలలో లూయీ కాన్ రచించిన కాంక్రీటు కప్పు ప్రసిద్ధమైనది. అన్ టింగ్ ప్రభావంతో వచ్చిన చతుర్ముఖాల అల్లిక అది. తల ఎత్తి చూస్తే మూడు దిక్కులా బరువు పంచుకొనే త్రికోణాల వల అనిపిస్తుంది. తీరా కట్టవలసి వచ్చేసరికి ఇంజనీరు దానిని ఒకే దిక్కుగా సాగే వాలు దూలాల వరుసగా లెక్కవేయవలసి వచ్చింది. ఆ కప్పు అందానికి దీనివల్ల లోటు రాలేదు. దానిని త్రిదిశా జాలకమని పాఠం చెబితే మాత్రం విద్యార్థి తప్పు నేర్చుకొంటాడు.

ఇక తెలుగు మాట సంగతి. ‘కర్ణజాలకం’ అనవచ్చు. కాని మన లెక్కల పుస్తకాలలో కర్ణం అంటే చతుర్భుజంలో ఎదుటి మూలలను కలిపే రేఖా, లంబకోణ త్రిభుజంలో పెద్ద భుజమూ కూడా. ‘వికర్ణ జాలకం’ అంటే ఆ చిక్కు తీరుతుంది గాని, ఎదుటి మూలలను కలిపేదే వికర్ణం. మూలలున్న చట్రమే లేని గోడలో దేనికి వికర్ణం? ఆ ప్రశ్న ఇంగ్లీషు మాటకూ వర్తిస్తుంది. ‘గ్రిడ్’ను అట్లాగే ఉంచుదామంటే విద్యుత్ గ్రిడ్ ముందుగా గుర్తుకు వస్తుంది. ఇది చాలదన్నట్లు బ్రిటన్ అణువిద్యుత్కేంద్రాలలో రియాక్టరు గర్భాన్ని అడుగునుండి మోసే ఉక్కు చట్రానికి కూడా ‘డయాగ్రిడ్’ అనే పేరు! మేడగోడకూ దానికీ పోలిక వెదకి అలసిపోయే అనువాదకుని మీద జాలి కలుగుతుంది.

‘వాసాల గోడ’ అంటే నవ్వు రావచ్చు. కాని వాసం అనే మాటలో వాలు ఉన్నది, మోత ఉన్నది, బయటికి నెట్టే గుణం ఉన్నది; నెట్టుడు ఉంటే పట్టి ఉంచేదేమిటన్న ప్రశ్న దానితోపాటే వస్తుంది. దానికి జవాబుగా ‘కట్టు’ అనే మాట సిద్ధంగా ఉన్నది. కమ్మీలు కలిసేచోటుకు ‘ముడి’. వాసం, ముడి, కట్టు అన్న మూడు మాటలతో లండన్ మేడనూ మాస్కో గోపురాన్నీ తప్పు లేకుండా వర్ణించవచ్చు. హాన్‌కాక్ మేడను ఆ మాటలతో వర్ణించబోతే కుదరదు. అక్కడ నిట్టాడు అనే మాట కావలసి వస్తుంది, బీజింగ్‌లోనూ అంతే. గాజుమీద పట్టీలు అంటించిన మేడకైతే ఈ మాటలలో ఒక్కటీ అంటదు. తిన్న ఇంటి వాసాలు లెక్కపెట్టడం మర్యాద కాదని సామెత. ఈ మేడల విషయంలో విమర్శకుడు చేయవలసిన మొదటి పని అదే.

అభ్యంతరం లేకపోలేదు. పూరింటి వాసం సన్నని కర్ర, ఒక కొన పైన దూలం మీద ఆనుకొని ఉంటుంది. గ్వాంగ్‌జౌ గొట్టం అడుగున సుమారు 1.8 మీటర్ల వ్యాసం గలది, ఏ దూలం మీదా ఆనుకోదు. పరిభాషా సంఘాలు ఇటువంటి ఇంటిమాటను పెద్ద శాస్త్రానికి తగదని త్రోసిపుచ్చి, సంస్కృత సమాసాన్నే ఎన్నుకోవచ్చు. ఎన్నుకొనేది ఏదైనా, పాఠ్యపుస్తకంలో దాని ప్రక్కన వేసే బొమ్మలో అడ్డకమ్మీని కూడా వాలుకమ్మీలంత లావు గీతతో గీయవలసి ఉంటుంది.